ఆ ఒక్క మాట దాచొద్దు!

మిరప కల్లాల దగ్గర దగ్గు మామూలే. పత్తి తీతల రోజుల్లో ఆయాసమూ మామూలే. అందుకేనేమో.. ఆపరేషన్‌కు ముందు మత్తు డాక్టరు అడిగితే 'అబ్బే, ఏం లేదండీ' అనేస్తాం. తీరా బల్ల మీద పడుకున్నాక ఊపిరిగొట్టాలు ఒక్కసారిగా బిగుసుకుపోతే? వైద్యులు 'బ్రాంకోస్పాజమ్' అని పిలిచే ఆ బిగువును ఎలా పసిగడతారు? ఎలా విడిపిస్తారు? అది రాకుండా మనం చేయాల్సిందేమిటి?

సత్తెనపల్లికి దగ్గర్లో ఓ పల్లె అనుకుందాం. మాఘమాసం. ఊరి బయట ఎటు చూసినా ఎర్రటి కల్లాలే. పట్టాల మీద ఆరబోసిన మిరపకాయలు, పక్కనే కూర్చుని తాలుకాయలు ఏరుతున్న ఆడకూలీలు. కాస్త గాలి వీచిందంటే చాలు.. దారిన పోయేవాళ్లు కూడా కొంగులూ తువ్వాళ్లూ ముక్కుకు అడ్డం పెట్టుకుంటారు.

ఆ ఊళ్లో ఓ కొత్త కోడలు. ఇరవై నాలుగేళ్లుంటాయి. గాల్‌బ్లాడర్‌లో రాళ్లున్నాయన్నారు. లాప్రోస్కోపీ ఆపరేషన్‌కు రోజు ఖాయమైంది. ముందురోజు సాయంత్రం ఆసుపత్రిలో మంచం పక్కన అత్తగారూ, పుట్టింటి నుంచి వచ్చిన అమ్మా నిలబడి ఉన్నారు. మత్తు డాక్టరు వచ్చారు.

"ఆయాసం గానీ, పిల్లికూతలు గానీ ఎప్పుడైనా వచ్చాయా అమ్మా?"

అమ్మాయి తల్లి వైపు చూసింది. తల్లి వియ్యపురాలి వైపు చూసింది.

"అబ్బే, అలాంటివేం లేవండీ. చిన్నప్పుడు కాస్త ఈస్నోఫీలియా ఉండేది. ఇప్పుడు శుభ్రంగా ఉంది."

"ఈమధ్య జలుబూ దగ్గూ ఏమైనా?"

"ఈ రోజుల్లో మా ఊళ్లో దగ్గనివాళ్లెవరున్నారు సార్!" అని అత్తగారు నవ్వేసింది.

డాక్టరు రాసుకుని వెళ్లిపోయారు.

ఇది ఏ ఒక్కరి కథా కాదు, ఊహించి చెప్పిందే. కానీ ఇలా తల్లి వియ్యపురాలి వైపు చూసే సన్నివేశం మన ఇళ్లకు కొత్తేం కాదు. ఆడపిల్లకు ఉబ్బసం ఉందంటే సంబంధాలు రావని చిన్నప్పటి నుంచీ దాస్తారు. 'డస్ట్ ఎలర్జీ' అంటారు, 'చలి పడదు' అంటారు, 'ఈస్నోఫీలియా' అంటారు. పెళ్లి చూపుల్లో దాచిన మాట ఆపరేషన్ గది గుమ్మం దాకా వచ్చేస్తుంది. అక్కడ మాత్రం దాని ఖరీదు వేరు.

గొట్టం సగమైతే కష్టం పదహారు రెట్లు

మనం పీల్చిన గాలి పెద్ద గొట్టంలోంచి రెండు పాయలై, నాలుగై, ఎనిమిదై.. చెట్టు కొమ్మల్లా చీలుతూ సన్నసన్నని గొట్టాల్లోకి చేరుతుంది. ఆ గొట్టాల చుట్టూ పట్టీలా సన్నని కండరం ఉంటుంది. చెయ్యీ కాలూ కదిపినట్టు దాన్ని మనం కదపలేం. అది నరాల మాట వింటుంది, రక్తంలో తిరిగే రసాయనాల మాట వింటుంది.

ఏదైనా కారణంతో ఆ కండరం ఒక్కసారిగా బిగుసుకుంటే లోపలి దారి ఇరుకైపోతుంది. అదే బ్రాంకోస్పాజమ్. సన్నని గొట్టాల్లో గాలి నడకకు ఓ లెక్క ఉంది. గొట్టం వెడల్పు సగమైతే ఎదురయ్యే అడ్డు రెట్టింపు కాదు, పదహారు రెట్లు! ఇరుకు కొంచెమే అయినా రోగి అంత అల్లాడిపోవడానికి కారణం అదే.

ఇంకో చిక్కుంది. గాలి పీల్చేటప్పుడు రొమ్ము విచ్చుకుంటుంది కాబట్టి గొట్టాలూ కాస్త తెరుచుకుంటాయి. వదిలేటప్పుడు మరింత ముడుచుకుంటాయి. అందుకే ఉబ్బసంలో గాలి పోవడం కంటే రావడమే కష్టం. ఇరుకుదారిలోంచి ఈల వేసినట్టు బయటికొచ్చే ఆ చప్పుడునే మనం పిల్లికూతలు అంటాం.

మిరప ఘాటు చెప్పే పాఠం

కల్లం దగ్గర దగ్గెందుకు వస్తుంది? మిరపకాయలోని ఘాటు పదార్థం పేరు క్యాప్సైసిన్. గొంతులో, ఊపిరిగొట్టాల్లో ఉండే నరాల కొసల మీద దానికోసమే అన్నట్టు ఓ 'తలుపు' ఉంటుంది. నిజానికి అది ఒళ్లు కాలే వేడిని పసిగట్టే తలుపు. క్యాప్సైసిన్ తగిలినా అది తెరుచుకుంటుంది. కారం తింటే 'మండింది' అనడం ఉత్త పోలిక కాదన్నమాట! అమెరికా శాస్త్రవేత్త డేవిడ్ జూలియస్ బృందం ఈ తలుపును 1997లో కనిపెట్టింది. ఆ పరిశోధనలకే 2021లో ఆయనకు నోబెల్ బహుమతి దక్కింది. దగ్గు మీద పరిశోధన చేసేవాళ్లు ఇప్పటికీ మనుషులతో క్యాప్సైసిన్‌ను కొలత ప్రకారం పీల్పించి చూస్తారు. గుంటూరు మిర్చియార్డులో టిక్కీలు మోసేవాళ్లకు ఆ పరీక్ష రోజూ ఉచితం!

ఘాటు తగిలిన కబురును మెదడుకు మోసుకెళ్లేది వేగస్ అనే పెద్ద నరం. మెదడు నుంచి 'బిగించు' అనే ఆజ్ఞను గొట్టాల కండరానికి తెచ్చేదీ అదే. మామూలు మనిషికి రెండు దగ్గులతో పోతుంది. ఉబ్బసం స్వభావం ఉన్నవాళ్ల గొట్టాలు మాత్రం ఉలిక్కిపడే రకం. చిన్న కబురుకే పెద్ద హడావుడి చేస్తాయి. మిరప ఘాటే కానక్కర్లేదు. చుట్టపొగ, చల్లగాలి, ధూళి, జలుబు.. ఏదైనా చాలు.

ఇప్పుడు ఆపరేషన్ బల్ల దగ్గరికి వద్దాం. పూర్తి మత్తు ఇచ్చాక రోగి తనంతట తాను ఊపిరి తీసుకోలేడు. అందుకని గొంతులోంచి ఓ ప్లాస్టిక్ గొట్టాన్ని ఊపిరిగొట్టంలోకి దింపి, దాని ద్వారా గాలి అందిస్తారు. మత్తు సరిపడా లోతుగా లేనప్పుడు ఆ గొట్టం తగిలితే? కల్లం దగ్గర వెళ్లిన కబురే మళ్లీ అదే నరం మీదుగా వెళుతుంది. తేడా ఒక్కటే. కల్లం దగ్గర మనిషి దగ్గి, లేచి అవతలికి పోగలడు. బల్ల మీద మనిషి దగ్గలేడు, లేవలేడు, 'ఊపిరాడటం లేదు' అని చెప్పలేడు. ఆ మాట అతని బదులు మరొకరు గమనించాలి.

నోరు లేని రోగి.. మాట్లాడే యంత్రం

మన కథలోని అమ్మాయి బల్ల మీద ఉంది. మత్తు ఇచ్చారు, గొట్టం దింపారు. గాలి పంపే సంచిని డాక్టరు చేత్తో నొక్కారు. రోజూ మెత్తగా ఉండే సంచి గట్టిగా ఎదురు తిరిగింది. మొదటి సూచన చాలాసార్లు ఇదే. యంత్రం గాలి పంపుతుంటే ఊపిరితిత్తుల దారిలో పీడనం పెరిగిపోతుంది.

రెండోది స్టెతస్కోపు. రెండు పక్కలా పిల్లికూతలు వినిపిస్తాయి. కూతలు లేవంటే అంతా బాగున్నట్టు కాదు. బిగువు మరీ తీవ్రమైతే గాలే ఆడదు కాబట్టి చప్పుడూ ఉండదు. ఆ నిశ్శబ్దం కూతల కంటే భయంకరం.

మూడోది తెర మీది గీత. రోగి వదిలే గాలిలోని బొగ్గుపులుసు వాయువును కొలిచే యంత్రాన్ని కాప్నోగ్రాఫ్ అంటారు. మామూలుగా ఆ గీత మిద్దె కప్పులా బల్లపరుపుగా ఉంటుంది. గొట్టాలు బిగుసుకుంటే గాలి మెల్లగా బయటికొస్తుంది కనుక ఆ కప్పు ఏటవాలుగా మారిపోతుంది. సొరచేప వీపు మీది రెక్కలా ఉంటుందని వైద్య విద్యార్థులకు చెబుతారు.

నాలుగోది కరోనా రోజుల్లో ఇంటింటికీ తెలిసిన పల్స్ ఆక్సీమీటర్. జపాన్‌కు చెందిన ఇంజినీరు తకువో అయోయాగి 1970ల తొలినాళ్లలో దాని సూత్రాన్ని కనిపెట్టారు. వేలికి తొడిగిన ఆ క్లిప్పు రక్తంలో ఆక్సిజన్ ఎంతుందో చెబుతుంది. కాకపోతే అది తగ్గేసరికి కాస్త ఆలస్యమవుతుంది. అందుకే అనుభవజ్ఞులు దానికోసం ఎదురుచూడరు. సంచి బిగువునూ, గీత వంపునూ చూసే రంగంలోకి దిగుతారు.

అసలు దొంగ ఎవరు?

సంచి గట్టిపడిన ప్రతిసారీ దోషం గొట్టాల కండరానిదే కాదు. దింపిన ప్లాస్టిక్ గొట్టమే మడత పడి ఉండొచ్చు. మరీ లోతుగా దిగి ఒక్క ఊపిరితిత్తిలోకే పోయి ఉండొచ్చు. కఫం ముద్ద అడ్డుపడి ఉండొచ్చు. కడుపులోని ఆహారం పైకి తన్ని ఊపిరితిత్తుల్లోకి జారి ఉండొచ్చు. ఊపిరితిత్తికి చిల్లి పడి చుట్టూ గాలి చేరి ఉండొచ్చు. లేదా ఇచ్చిన మందు పడక ఒళ్లంతా ఎలర్జీ విరుచుకుపడి ఉండొచ్చు. అలాంటప్పుడు తరచూ బీపీ పడిపోతుంది, ఒంటి మీద దద్దుర్లు లేస్తాయి. దానికి అసలు మందు అడ్రినలిన్. ఒక్కో దానికీ ఒక్కో వైద్యం. కాబట్టి చేతులు పనిచేస్తూనే ఉండాలి, బుర్ర ఈ జాబితా అంతా తిరగేస్తూనే ఉండాలి. అదీ నిమిషాల్లో!

రోగికి ఉబ్బసం ఉందని ముందే తెలిస్తే ఈ వెతుకులాట ఎక్కడ మొదలుపెట్టాలో డాక్టరుకు తెలుస్తుంది. 'ఏం లేదండీ' అన్న మాట ఆ నిమిషాలను మింగేస్తుంది.

బిగువు విడిపించేదిలా..

ముందు సాయం కోసం కేక. సర్జన్‌ను చెయ్యి ఆపమంటారు. కడుపులో నింపిన గ్యాస్‌ను తీసేయమంటారు. రోగికి నూటికి నూరుపాళ్లూ ఆక్సిజన్ ఇస్తారు. ఆ తర్వాత చేసేది వింటే మామూలువాళ్లకు ఆశ్చర్యమేస్తుంది. మత్తును ఇంకా పెంచుతారు! ఊపిరాడక ఇబ్బంది పడుతుంటే మత్తు పెంచడమేమిటి? అక్కడే ఉంది కిటుకు. తేలికపాటి మత్తులో నరం ఉలిక్కిపడుతుంది. మత్తు లోతైతే దాని హడావుడి తగ్గుతుంది. పైగా సెవోఫ్లూరేన్ లాంటి మత్తు వాయువులకు గొట్టాలను సడలించే గుణమూ ఉంది. ప్రోపొఫాల్, కీటమిన్ వంటి ఇంజక్షన్లూ సాయపడతాయి.

వెంటనే సాల్బుటమాల్. ఉబ్బసం రోగుల జేబుల్లో ఉండే నీలిరంగు పంపులోని మందే ఇది. 1969లో మార్కెట్లోకి వచ్చింది. దాన్ని గాలిగొట్టంలోకే నేరుగా కొడతారు. కొంత మందు గొట్టం గోడలకే అంటుకుపోతుంది కాబట్టి నాలుగైదు కాదు, ఇంకా ఎక్కువసార్లే కొట్టాల్సి రావచ్చు. ఇప్రాట్రోపియం అనే మరో మందు వేగస్ నరం తెచ్చిన ఆజ్ఞను గొట్టం దగ్గరే అడ్డుకుంటుంది. స్టెరాయిడ్ ఇంజక్షన్ కూడా ఇస్తారు కానీ అది పనిచేయడానికి గంటలు పడుతుంది. ఇప్పటి నిప్పు ఆర్పడానికి కాదు, మళ్లీ రాజుకోకుండా ఉండటానికన్నమాట. ఇంకా లొంగకపోతే మెగ్నీషియం, ఆ పైన అడ్రినలిన్.

ఇన్ని మందుల మధ్య మరచిపోకూడనిది ఓపిక. కంగారులో గబగబా గాలి కొట్టేయాలనిపిస్తుంది. కానీ వెళ్లిన గాలి బయటికి రాకముందే మళ్లీ పంపితే రొమ్ములో గాలి పేరుకుపోతుంది. అది గుండెను నొక్కి బీపీ పడగొడుతుంది. అందుకే నిమిషానికి తక్కువసార్లు, మెల్లగా పంపి, ఊపిరి వదలడానికి ఎక్కువ సమయమిస్తారు. అవసరమైతే యంత్రాన్ని కాసేపు గొట్టం నుంచి విడదీసి, లోపల చిక్కుకున్న గాలిని బయటికి పోనిస్తారు.

మన కథలో సంచి మెత్తబడింది, గీత మళ్లీ బల్లపరుపైంది. ఆపరేషన్ పూర్తయింది. బయట బెంచీ మీద కూర్చున్న ఇద్దరు తల్లులకూ లోపల గడిచిన ఆ పావుగంట సంగతి తెలియదు. ప్రతి కథా ఇలాగే ముగుస్తుందన్న హామీ మాత్రం లేదు.

హైదరాబాద్ నేర్పిన జాగ్రత్త

మత్తులో ఉన్న మనిషి ఊపిరిని కనిపెట్టి ఉండాలన్న మాట మీద ఒకప్పుడు ప్రపంచమంతా మన హైదరాబాద్ వైపు చూసింది. 1880ల్లో మత్తుకు క్లోరోఫామ్ వాడేవారు. రుమాలు మీద చుక్కలు వేసి వాసన చూపించడమే. అప్పుడప్పుడూ రోగులు బల్ల మీదే కన్నుమూసేవారు. ముందు ఆగేది గుండా, ఊపిరా? దీని మీద పెద్ద వాదం నడిచింది. హైదరాబాద్ రెసిడెన్సీ సర్జన్ ఎడ్వర్డ్ లారీ ఊపిరేనన్నారు. నాడి పట్టుకుని కూర్చోకుండా శ్వాసను చూడండి అన్నది ఆయన వాదన.

ఆరో నిజాం మహబూబ్ అలీ ఖాన్ ఖర్చు భరించడంతో 1888లో మొదటి క్లోరోఫామ్ కమిషన్ కూర్చుంది. దాని ఫలితాలను లండన్‌లోని 'లాన్సెట్' పత్రిక శంకించింది. దాంతో నిజాం వెయ్యి పౌండ్లు ఇచ్చి, మీ మనిషినే పంపండన్నారు. లాడర్ బ్రంటన్ అనే ప్రసిద్ధ వైద్యుడు ఓడెక్కి వచ్చారు. 1889లో రెండో కమిషన్ పెద్దయెత్తున జంతువుల మీద ప్రయోగాలు చేసి, లారీ మాటే నిజమని తేల్చింది. లారీ దగ్గర పనిచేసిన రూపాబాయి ఫర్దూన్జీని ప్రపంచంలోనే తొలి మహిళా మత్తు వైద్యురాలిగా చెబుతారు.

తర్వాతి కాలంలో కమిషన్ మాట సగమే నిజమని తేలింది. క్లోరోఫామ్ గుండెనూ నేరుగా ఆపేయగలదని 1911లో లండన్ వైద్యుడు గుడ్‌మన్ లెవీ నిరూపించారు. గుండెనూ చూడాలి, ఊపిరినీ చూడాలి. కానీ 'ఊపిరి మీద కన్ను తిప్పొద్దు' అన్న సగం మాత్రం ఇవాళ్టికీ చెక్కుచెదరలేదు. నాడు కళ్లతో చూసినదాన్ని నేడు యంత్రాలు తోడుగా చూస్తున్నారు. యంత్రాలు చెప్పేది మాత్రం జరుగుతున్నదే. జరగబోయేదాన్ని చెప్పగలిగింది రోగీ, ఇంట్లోవాళ్లే.

పత్తి చేలూ.. పురుగుమందూ

మన మెట్ట పల్లెల్లో చెప్పాల్సిన సంగతులు ఉబ్బసంతో అయిపోవు. జిన్నింగు, స్పిన్నింగు మిల్లుల్లో ఏళ్ల తరబడి పత్తి ధూళి పీల్చినవారికి బిస్సినోసిస్ అనే జబ్బు రావచ్చు. సెలవు రోజు తర్వాత మళ్లీ పనిలోకి దిగిన నాడు రొమ్ము పట్టేసినట్టుండటం దాని గుర్తు. ఆదివారం సెలవుండే మిల్లుల్లో అది సోమవారం బయటపడేది. చాలామంది దాన్ని ఒళ్లు బద్ధకం అనుకుని వదిలేస్తారు.

ఇక పురుగుమందులు. ఆర్గనోఫాస్ఫేట్ రకం మందులు చర్మం గుండా, ఊపిరి గుండా ఒంట్లో చేరతాయి. నరాల కొసల దగ్గర పుట్టే ఎసిటైల్‌కొలిన్ అనే రసాయనాన్ని ఎప్పటికప్పుడు తుడిచేసే ఎంజైమును అవి అడ్డుకుంటాయి. ఫలితం? నోట్లో చొంగ, కంటిపాపలు సూదిమొనల్లా మారడం, రొమ్ము నిండా కఫం, బిగుసుకున్న ఊపిరిగొట్టాలు. వేగస్ నరం ఆజ్ఞ ఆగకుండా మోగుతున్నట్టే! దీనికి విరుగుడు అట్రోపిన్.

అంత విషం ఎక్కకపోయినా ఇంకో చిక్కుంది. మత్తు సమయంలో కండరాలను సడలించడానికి వాడే సక్సామిథోనియం అనే ఇంజక్షన్ కొద్ది నిమిషాల్లోనే దిగిపోవాలి. దాన్ని కరిగించే ఎంజైమునూ ఈ పురుగుమందులు దెబ్బతీస్తాయి. దాంతో అది చాలాసేపు దిగదు. నిన్నో మొన్నో పత్తికి మందు కొట్టి, ఇవాళ అపెండిసైటిస్ నొప్పితో ఆసుపత్రికి వచ్చిన రైతు 'మందు కొట్టొచ్చాను సార్' అని చెప్పడం అందుకే ముఖ్యం.

ముందే చెబితే ఏం మారుతుంది?

'ఉబ్బసం ఉందంటే ఆపరేషన్ చేయరేమో' అన్న భయం చాలామందిది. అది అపోహ. చేస్తారు. చేసే పద్ధతి మారుతుంది. ఆయాసం అదుపులో లేకపోతే, తొందర లేని ఆపరేషన్‌ను కొన్నాళ్లు వాయిదా వేసి, పంపులతోనో, కొద్దిరోజుల స్టెరాయిడ్‌తోనో ముందు గొట్టాలను దారికి తెస్తారు. వీలైనచోట పూర్తి మత్తు బదులు నడుముకు ఇంజక్షన్‌తో సరిపెడతారు. లేదా గొట్టాన్ని లోపలిదాకా దింపకుండా గొంతు దగ్గరే అమరే మాస్కు వాడతారు. గొట్టం తప్పనిసరైతే, మత్తు బాగా లోతయ్యాకే దింపుతారు. ఎలర్జీ రసాయనాలను రెచ్చగొట్టే మందులను పక్కనపెడతారు. సాల్బుటమాల్ పంపు చేతికందే దూరంలో ఉంటుంది. ఇన్ని మార్పులకూ కావాల్సింది ఒక్క నిజం!

జలుబు సంగతీ అంతే. ముఖ్యంగా పిల్లల్లో. జలుబు చేసిన గొట్టాలు కొన్ని వారాల దాకా ఉలికిపాటుతోనే ఉంటాయి. టాన్సిల్స్ ఆపరేషన్‌కు ముహూర్తం పెట్టుకున్నాం, బడికి సెలవు పెట్టించాం అని జ్వరాన్ని మాత్రతో కప్పిపెట్టి తీసుకెళ్లడం మంచిది కాదు. ముహూర్తం మళ్లీ వస్తుంది.

మృగశిర కార్తె నాడు హైదరాబాద్‌లో బత్తిని కుటుంబం ఇచ్చే చేప ప్రసాదం కోసం ఏటా మన పల్లెల నుంచీ వెళ్లేవాళ్లుంటారు. నమ్మకం ఎవరిది వారిదే. అది ఉబ్బసాన్ని పోగొడుతుందని మాత్రం శాస్త్రీయంగా రుజువు కాలేదు. ప్రసాదం తీసుకున్నాం కదా అని వాడే పంపు మానేయడం, డాక్టరుతో 'తగ్గిపోయింది' అని చెప్పడం.. ఆ రెండే ప్రమాదం.

మత్తు డాక్టరుకు ఇవి చెప్పండి

* ఎప్పుడైనా పిల్లికూతలు వచ్చాయా? రాత్రిళ్లు దగ్గుతో మెలకువ వస్తుందా? ఆయాసంతో ఆసుపత్రిలో చేరారా? చిన్నప్పటిదైనా సరే చెప్పాలి. 'ఈస్నోఫీలియా' అని ఊరుకోకుండా అప్పుడు ఏమయ్యేదో చెప్పండి.

* గత కొన్ని వారాల్లో జలుబు, జ్వరం, కఫంతో దగ్గు వచ్చాయా?

* సిగరెట్, బీడీ, చుట్ట అలవాటు. ఆపరేషన్‌కు ఆరు నుంచి ఎనిమిది వారాల ముందే మానేస్తే మంచి ఫలితం. అంత వ్యవధి లేకున్నా మానడమే మేలు.

* వాడే మందులన్నీ. ఉబ్బసం ఉన్నవారిలో బీపీకి వాడే ప్రొప్రనొలాల్ లాంటి బీటాబ్లాకర్లు గొట్టాలను బిగించగలవు. నీటికాసుల జబ్బుకు కంట్లో వేసే టిమోలాల్ చుక్కలు కూడా! చుక్కలే కదా అని వదిలేయొద్దు.

* ఆస్ప్రిన్, నొప్పుల మాత్రలు వేసుకుంటే ఎప్పుడైనా ఆయాసం వచ్చిందా? కొందరికి అవి పడవు.

* స్టెరాయిడ్ మాత్రలు వాడుతున్నారా? వాటిని హఠాత్తుగా ఆపకూడదు. పేరూ ఊరూ లేని ఆయాసం పొడులు వాడుతుంటే ఆ పొట్లమే తీసుకెళ్లి చూపించండి. అలాంటి వాటిలో స్టెరాయిడ్లు కలిపిన సందర్భాలు బయటపడ్డాయి.

* మిల్లు పని, కల్లం పని, ఈమధ్య కొట్టిన పురుగుమందు.

* ఇంతకుముందు ఏ ఆపరేషన్‌లోనైనా మత్తుతో ఇబ్బంది వచ్చిందా? వచ్చి ఉంటే ఆ కాగితాలు.

* పరగడుపున రమ్మన్నారని పంపు మానేయొద్దు. ఆపరేషన్ రోజు పొద్దున కూడా వాడాలి. అది కడుపులోకి పోయే తిండి కాదు. పంపును వెంట తీసుకెళ్లండి.

ఇంటికొచ్చాక కూడా కన్నేసి ఉంచండి. ఒక వాక్యం పూర్తిగా చెప్పలేనంత ఆయాసం, పెదవులు నీలిరంగుకు తిరగడం, పిల్లికూతలు ఆగిపోయి మనిషి మగతగా అయిపోవడం.. ఇవి తగ్గిన గుర్తులు కావు. పంపు వాడుతూనే వెంటనే 108కి ఫోన్ చేయాలి.

తలుపు దగ్గర మాట

మళ్లీ ఆ సాయంత్రానికి వెళదాం. అదే మంచం, అదే ప్రశ్న, 'అబ్బే' అన్న అదే జవాబు. డాక్టరు రాసుకుని బయటికి నడిచారు. ఇంతలో అత్తగారు ఫ్లాస్కు తీసుకుని టీ కోసం కిందికెళ్లింది. అమ్మాయి తల్లి గబగబా వరండాలోకి వచ్చింది.

"డాక్టరుగారూ, ఒక్క మాట.. అమ్మాయికి చిన్నప్పుడు ఉబ్బసం ఉండేదండీ. మిరపకోతల రోజుల్లో ఇప్పటికీ రాత్రిళ్లు కూతలొస్తాయి. పంపు సంచిలో అడుగున పెట్టుకుని వచ్చింది. వాళ్లకు తెలియదు. మీరేమీ అనుకోవద్దు."

"మంచిపని చేశారమ్మా. ఇంట్లో చెప్పాలా వద్దా అన్నది మీ ఇష్టం, నేనైతే చెప్పను. పంపు మాత్రం పైకి తీయమనండి. రాత్రికి వాడాలి, పొద్దున్నే వాడాలి" అన్నారాయన. వెనక్కి వచ్చి స్టెతస్కోపు పెట్టి రెండు వైపులా మళ్లీ విన్నారు. కాగితం మీద కొట్టివేత ఒకటి, కొత్త రాత ఒకటి.

డాక్టరుతో చెప్పుకున్నది ఆ గదిలోనే ఉంటుంది. రోగి రహస్యాన్ని కాపాడటం వారి వృత్తిధర్మం. అందరిముందూ చెప్పలేకపోతే, 'ఒక్క నిమిషం విడిగా మాట్లాడాలి' అనండి చాలు. అర నిమిషం పని. రేపు బల్ల మీద నోరు లేకుండా పడుకోబోయే మనిషి తరఫున ముందే మాట్లాడినట్టు!